దుంపకొత్త

కనక ఏ దుంపనీ నిండు దుంపగా వండదు. కత్తిపీట ముందు కూర్చుని ప్రతి బంగాళాదుంపనూ రెండుగా కోసి, రెండు చెక్కలనూ వెలుతురుకు తిప్పి చూసి, అప్పుడే కుండలో వేస్తుంది. లోపల తెల్లగా, తడిగా ఉంటే చాలు. ఆ తర్వాత అది పులుసు కావచ్చు, ఎండునెత్తళ్ళతో కూర కావచ్చు, ఉప్పునీళ్ళలో ఉడికి చోడంబలి పక్కన నంజుకునేది కావచ్చు. కోయకుండా మాత్రం నిప్పు దగ్గరికి రానివ్వదు. ఏడాదిలో ఒక్క రోజు తప్ప.

హుకుంపేట దాటాక తారురోడ్డు వదిలి కొండవాగు గెడ్డ వెంట పైకి ఎక్కితే రేగంపుట్టు వస్తుంది. కొండ తన ఒడిలో మరిచిపోయిన ఊరులా ఉంటుంది. కనక ఆ ఊరికి కోడలై అనంతగిరి వైపు నుంచి వచ్చింది. పెళ్ళిబుట్టలో, చీర అడుగున, వాళ్ళమ్మ ఇచ్చిన విత్తనపు దుంపలు తెచ్చుకుంది. ఎర్రటి తొక్క, లోతైన కళ్ళు. ఎండాకాలమంతా ఇసుకలో పడుకోబెట్టి, వానలు వెళ్ళాక లేపి నాటే రకం. వాటిని చూసి ఆమె భర్త ఫల్గుణ పడీపడీ నవ్వాడు.

"నన్ను సేసుకున్నావా, దుంపని సేసుకున్నావా?"

"దుంప ఏడాదికోపాలి పండుతాది. నీ సంగతి ఇంకా సూడాల," అంది కనక.

ఫల్గుణ ఈల వేసేవాడు. దుక్కి దున్నుతూ, మంచె మీద కాపలా కాస్తూ, గెడ్డ దాటుతూ. పొగమంచు కమ్మిన ఉదయాల్లో మనిషి కనిపించక ముందే ఆ ఈల పొలంలోకి దిగేది. కనక దాన్ని బట్టే అతను ఎంత దూరంలో ఉన్నాడో చెప్పగలిగేది. భాను పుట్టాక ఆ పిల్ల కూడా ఈల విని తల తిప్పడం నేర్చుకుంది.

అడవిపంది దుంపను తవ్వుకుని తినదు. నేలను చీలుస్తుంది. ముట్టె కిందికి దించి, ఒక్క ఊపున మట్టినీ మొక్కనీ వేరునీ కలిపి పైకి చిమ్ముతుంది. అది వెళ్ళిపోయాక పొలం దెబ్బలు తిన్న ఒళ్ళులా ఉంటుంది. సగం కొరికిన దుంపలు, వాటి తెల్లటి మాంసం మీద పళ్ళ గాట్లు, తొక్కబడిన ఆకుల పచ్చి వాసన. పిల్లలున్న పంది అయితే గట్టున ఉన్న మనిషినీ వదలదు. ఫల్గుణకు అన్న అయిన ధర్మను అలాంటిదే ఒకటి కింద పడేసి, తొడను మోకాలి దాకా తెరిచింది. ధర్మ బతికాడు. కుంటుతూ లేచాడు. అప్పటినుంచి అతనికి అడవిలో ఒకటే పని.

అతను పందులకు నాటుబాంబులు పెట్టేవాడు. మొదట్లో వాటిని గుమ్మడిపిందెల్లో దాచేవాడు. పంది కొరకగానే దవడ ఎగిరిపోయేది. దవడ లేని పంది వెంటనే చావదు. గెడ్డ దాకా పరిగెత్తి, నీళ్ళలో ముఖం పెట్టి, తాగలేక చచ్చేది. ధర్మ ఆ నెత్తుటి దారినే కుంటుకుంటూ వెళ్ళి మోసుకొచ్చేవాడు. ఊరు పంచుకుని తినేది. ధర్మను మెచ్చుకునేది.

గుమ్మడిలో ఉన్నంతకాలం మనుషులకు భయం లేదు. ఎందుకంటే గుమ్మడికి కొత్త ఉంది. సామలు పండినా, చిక్కుడు కాసినా, కంది ఎండినా, గుమ్మడి ముదిరినా ఊరు ముందు దేవుడికి పెడుతుంది. దాన్ని కొత్త అంటారు. కొత్త కాకముందు పొలంలో దేన్నయినా నోట పెడితే పులి పడుతుందని నడక నేర్చిన పిల్లకు కూడా తెలుసు. గట్టున గుమ్మడిపిందె ఎంత నిగనిగలాడినా ఏ చెయ్యీ దాని వైపు చాచదు.

బంగాళాదుంపకు కొత్త లేదు. అది తాతల కాలం పంట కాదు. సంత నుంచి, మైదానం షావుకార్ల బస్తాల్లోంచి కొండెక్కింది. దానికి ఊరి దేవుడు తెలియడు, ఆయనకు అది తెలియదు. అందుకే దాన్ని ఎవరైనా, ఎప్పుడైనా, ఎవరి పొలంలోనైనా పీకి, గట్టున నాలుగు పుల్లలు రాజేసి కాల్చుకోవచ్చు. చలికాలంలో రేగంపుట్టు పిల్లల పొద్దుటి తిండి అదే. పెద్దలదీ అదే.

పందులు గుమ్మడిని వాసన చూసి వదిలేయడం మొదలుపెట్టాయి. ధర్మ ఆలోచించాడు. అవి దేనికోసం కొండ దిగుతున్నాయో దానిలోనే పెట్టాలనుకున్నాడు. పచ్చి దుంప లోపల తొలిచి, మందూ గాజుపెంకులూ కూరి, రంధ్రాన్ని చిన్న వెదురు పుల్లతో బిగించి, తమ్ముడి పొలం చుట్టూ చల్లాడు. పందికి గుమ్మడీ దుంపా ఒకటే. మనిషికి కావని అతనికి తట్టలేదు. ఎవరితోనూ చెప్పనూ లేదు.

ఆ పుష్యమాసపు ఉదయం మంచు పాలచెంబు బోర్లించినట్టు ఉంది. ఫల్గుణ దుంప తవ్వడానికి వెళ్ళి, చలికి ముందు మంట వేశాడు. గట్టు వెంట పందులు చిమ్మి వదిలిన దుంపలు ఏరి, మట్టితోనే బూడిదలో పడేశాడు. కనక గెడ్డలో బిందె ముంచుతోంది. పైనుంచి ఈల వినబడుతోంది.

కొండ ఒక్కసారి దగ్గింది. మంచులోంచి పిట్టలన్నీ అరుస్తూ లేచాయి. ఈల లేదు.

ఆమె పైకి వచ్చేసరికి నిప్పు పొలమంతా పరుచుకుని ఉంది. ఎర్రటి కణికలు దుంపమొక్కల మీద పువ్వుల్లా కూర్చుని కాలుతున్నాయి. ఫల్గుణ కూర్చున్న చోటే, కూర్చున్నట్టే ఉన్నాడు. అతని ముఖంలో ఈల ఉండే చోటు లేదు. కళ్ళు ఉన్నాయి. అవి కనకను చూశాయి, ఏదో అడగబోయాయి, అడగడానికి కింద ఏమీ లేదు. కాలిన దుంప కమ్మటి వాసనా, కాలిన వెంట్రుకల వాసనా కలిసి గాలిలో నిలబడ్డాయి. కనక అతని తలను రెండు చేతులా పట్టుకుంది. వేళ్ళ మధ్యనుంచి వెచ్చగా కారుతూనే ఉంది. మంచు విడిచి ఎండ వచ్చేసరికి ఆ వెచ్చదనం ఆగిపోయింది.

ధర్మ కుంటుతూ పరిగెత్తుకొచ్చాడు. వచ్చినవాడు తమ్ముడిని ముట్టుకోలేదు. ముందు గట్టు చుట్టూ తిరిగాడు. వంగి వంగి, మట్టిలోంచి పుల్ల గుచ్చిన దుంపలు ఏరి, ఒక్కొక్కటీ తువ్వాలులో పొదువుకున్నాడు. మూట గెడ్డ దిగువన దాచి వచ్చాక అప్పుడు గుండె బాదుకుని ఏడ్చాడు. ఆ ఏడుపు నిజమైనదే. కనక రెండూ చూసింది.

పంది పొడిచిందని ఊరు చెప్పింది. బాంబని బయటపడితే పోలీసులు వస్తారు, ఇంటికొక మగవాణ్ణి పట్టుకుపోతారు. పెద్దలు అంతా కూర్చుని ఒక్కమాట అనుకున్నారు. కనకను ఎవరూ అడగలేదు. ఏ పందికీ భయపడని మనిషి పంది చేతిలో పోయాడని దినాలకు వచ్చినవాళ్ళంతా జాలిపడ్డారు. ఆ జాలి ఆమెకు నెత్తుటికంటే బరువుగా అనిపించింది.

మట్టి చేసిన చోట గడ్డి మొలిచాక ఆమె దిసారి సోంబరు దగ్గరికి వెళ్ళింది. ఊరికి మంచిరోజు చూసేదీ, కొత్తలు పెట్టేదీ ఆ ముసలాయనే.

"తాతా, దుంపకి కొత్త పెట్టు."

సోంబరు చుట్ట తీసి ఆమెను చూశాడు. "ఏ దుంపకే?"

"ఆలుదుంపకి."

"సంతలోంచొచ్చినదానికి కొత్తేటే, పిచ్చిగుంటా? రేపు సబ్బుబిళ్ళకీ పెట్టమంటావు. సెల్లుఫోనుకీ పెట్టమంటావు. దేవుడికి నవ్వురాదేటి?"

"సామలకి ఉంది, ఎవులూ ముట్టరు. గుమ్మడికి ఉంది, ఎవులూ ముట్టరు. దీనికి లేదు. అందుకే నా మొగుడు ముట్టాడు."

ముసలాయన చుట్ట మళ్ళీ నోట్లో పెట్టుకున్నాడు. "పంది పొడిసిందని ఊరంతా అన్నాక నానేటనగలను తల్లీ," అన్నాడు, నేల చూస్తూ.

మరుసటి చలికాలం వచ్చింది. కనక అవే విత్తనాలు నాటింది. ఫల్గుణ నెత్తురు పడ్డ చోట మొక్క అన్నిచోట్లలాగే పెరిగింది, కొంచెం ఎక్కువ పచ్చగా కూడా. నేలకు సిగ్గులేదు అనుకుంది. భాను ఇప్పుడు మేకల వెంట తిరిగే వయసుకు వచ్చింది. జట్టు పిల్లలతో కలిసి దొరికిన చోటల్లా దుంపలు పీకి కాల్చుకునేది. ఎన్నిసార్లు కొట్టినా మానలేదు. ఆకలి వేసిన పిల్లకు బూడిదలోంచి తీసిన వేడి దుంప ఏ తల్లి మాటకంటేనైనా దగ్గరే.

ఒక ఉదయం కనక గట్టున మట్టి గీరుతుంటే వెదురు పుల్ల తగిలింది. పుల్ల చుట్టూ దుంప. ఎర్రతొక్క దుంప. తన విత్తనమే.

ధర్మ పై గట్టున టంగి గొడ్డలి భుజాన వేసుకుని నిలబడి ఉన్నాడు. ఆమె దాన్ని చూపించింది.

"ఏటిది బావా?"

"పందికి."

"ఫల్గుణ కూడా పందేనేటి?"

ధర్మ కిందికి దిగాడు. "నోరు ముయ్యి. నాకు తమ్ముడు లేడన్న ఏడుపు లేదనుకున్నావేటి? ఇదిగో, ఈ తొడ సూడు. రేతిరైతే ఇప్పటికీ సలుపుతాది. దాని జాతి ఈ కొండ మీదుండగా నానూరుకోను."

"నా గుంట భాను ఈ గట్టునే దుంపలు కాల్సుకుంటాది."

"ఐతే గుంటని కట్టీసుకో."

కనక దుంపను మెల్లగా నేల మీద పెట్టింది. అంత మెల్లగా ఆమె భానును కూడా ఎప్పుడూ పడుకోబెట్టి ఉండదు. తర్వాత చేతిపార ఎత్తి అతని మీదికి వెళ్ళింది.

మొదటి దెబ్బ అతని మోచేతికి తగిలింది. రెండోది తగలలేదు. ధర్మ టంగి తిప్పి, కర్రవైపు ఆమె భుజం మీద వేశాడు. లోపల ఎండు కొమ్మ విరిగినట్టు చప్పుడైంది. ఆమె పడుతూ పడుతూ అతన్ని కూడా లాగింది. ఇద్దరూ దుంపమొక్కల మధ్య, పందులు దొర్లే చోట, పందుల్లాగే దొర్లారు. అతని పిడికిలి ఆమె పెదవిని పంటికి నొక్కి చీల్చింది. ఆమెకు అతని చెవి దొరికింది. పళ్ళు బిగించింది. అతను అరుస్తూ ఆమెను జుట్టు పట్టి ఈడ్చినా వదల్లేదు. వదిలేసరికి సగం చెవి ఆమె నోట్లో ఉంది. ఉమ్మేసింది. ధర్మ నెత్తురు కారే తలను పట్టుకుని, ఆమె కడుపులో ఒక్క తాపు తన్ని, కుంటుతూ వెళ్ళిపోయాడు.

ఆమె ఎడమ చెయ్యి లేవలేదు. కుడిచేత్తో, మోకాళ్ళ మీద పాకుతూ, పొలం గట్టంతా తడిమింది. పుల్ల గుచ్చిన దుంప దొరికినప్పుడల్లా ఊపిరి బిగబట్టి, గడ్డి పరిచిన బుట్టలో దించింది. ఆ బుట్టను ఇంటికి దూరంగా, పిల్లలకు అందని పనసకొమ్మకు కట్టింది.

ఎముక వంకరగా అతుక్కుంది. మాఘం పోయి ఫాల్గుణం వచ్చింది. ఒకరోజు ఆమె బుట్టలోకి తొంగిచూసింది. దుంపలు ముడతలు పడ్డాయి. కళ్ళలోంచి పాలిపోయిన మొలకలు వచ్చాయి. కడుపులో చావును పెట్టుకుని కూడా అవి వెలుతురు కోసం వెతుక్కుంటున్నాయి. ఆమె వాటి మీద గడ్డి మళ్ళీ కప్పింది.

చైత్రంలో ఇటుకల పండగ. మగవాళ్ళంతా వేటకు వెళ్తారు. జంతువుతో వస్తే డప్పులతో ఎదురెళ్ళి కాళ్ళు కడుగుతారు. ఉత్తి చేతులతో వస్తే ఆడవాళ్ళు ఊరి మొగదల దారి కట్టి పేడనీళ్ళు చల్లుతారు. ఏం కొట్టినా, ఏం తిట్టినా ఆరోజు మగవాడు నోరెత్తకూడదు, చెయ్యెత్తకూడదు. రేగంపుట్టులో పేడతోపాటు, కుప్ప అడుగున మిగిలిన కుళ్ళు దుంపలు కూడా విసరడం అలవాటు. కుళ్ళిన దుంప కంపు ఒంటినుంచి వారం దాకా పోదు.

ఆ ఏడు ఉత్తి చేతులతోనే వచ్చారు. ముందు ధర్మ, సగం చెవి మీదికి తలపాగా లాక్కుని. వెనక కుర్రాళ్ళు, పెద్దలు, అందరికంటే వెనక కర్ర ఊతంగా నడుస్తూ సోంబరు. తాడు అడ్డం కట్టిన ఆడవాళ్ళు కేకలు మొదలుపెట్టారు.

"ఏటి బావలూ, అంతడవి తిరిగారు, ఉడతైనా కనబడలేదేటి?" అని జయశ్రీ అరిచింది. కనక పక్కింటి మనిషి.

"కనబడిందొదినా, మమ్మల్ని సూసి అదే నవ్వీసింది," అన్నాడు ఒక కుర్రాడు.

"ఐతే ఉడతకే కాళ్ళు కడుగుతాం, మీరు పొండి!"

పేడనీళ్ళు లేచాయి. కుర్రాళ్ళు ఫోన్లు పైకెత్తి వీడియో తీసుకుంటూ తడుస్తూ ఇకిలిస్తున్నారు. కనక ముందుకు వచ్చింది. ఒక భుజం కుంగి ఉంది. చంకలో బుట్ట. ఒక కుళ్ళు దుంప తీసి ధర్మ గుండె మీద కొట్టింది. అది నల్లగా పగిలి పొట్ట మీదుగా కారింది. అందరూ నవ్వారు. ధర్మ కూడా పళ్ళు బిగించి నవ్వబోయాడు.

ఆమె రెండోది తీసింది. ముడతలు పడిన ఎర్రతొక్క. తెల్లటి మొలకలు. వాటి మధ్య చిన్న వెదురు పుల్ల. చెయ్యి వెనక్కి తీసుకుంది.

"ఒద్దు!" ధర్మ గొంతు చీలిపోయింది. "ఎనక్కి పొండి! బేగి పొండి, అది మందుదుంప!"

నవ్వు ఆగింది. ఆడవాళ్ళు పిల్లల్ని లాక్కుని చెదిరారు. దారి మధ్యలో కనక, ధర్మ మిగిలారు.

"నీకెలా తెలుసు బావా?"

ధర్మ చూపు ఆ పుల్ల మీదే ఉంది.

"ఇది నా బుట్టలోది, నా సేతిలోది. మందుందని నీకెలా తెలుసు?"

"కనకా, సెయ్యి కదపకు. నీ కాళ్ళు మొక్కుతాను."

"ఎవులు కూరారు?"

"నానే."

"ఫల్గుణ కాల్సుకున్నది?"

ధర్మ వెనక్కి చూశాడు. ఊరి పెద్దలు ఎవరూ కళ్ళు కలపలేదు. ఫోన్లు పట్టుకున్న చేతులు కిందికి దిగిపోయాయి. అతను మోకాళ్ళ మీద కూలబడ్డాడు.

"అదీ నానే. నానే కూరాను. పంది కాదు."

కనక చెయ్యి విసిరింది. దుంప ధర్మ తల మీదుగా వెళ్ళి గెడ్డలోని బండకు తగిలింది. నీళ్ళు మనిషెత్తున లేచాయి. గాజుపెంకు ఒకటి ఎగిరొచ్చి ధర్మ చెంపను కంటి కింద నుంచి దవడ దాకా గీసి పోయింది. కొండ రెండుసార్లు దగ్గి ఊరుకుంది. భాను చెవులు మూసుకుని ఏడుస్తోంది. ఆ చప్పుడుకు తన తండ్రి ఎలా పోయాడో ఆ పిల్లకు అప్పుడు తెలిసింది.

తర్వాత ఆడవాళ్ళు ధర్మ మీద పడ్డారు. కుండలతో, చెప్పులతో, కుళ్ళు దుంపలతో, ఉత్తి చేతులతో. పిల్లలున్న ప్రతి తల్లీ కొట్టింది. పండగ రోజు గనుక మగవాళ్ళు అడ్డుపడలేకపోయారు. ధర్మ చెయ్యి అడ్డం పెట్టుకోలేదు. కనక కొట్టలేదు, ఆపమనీ అనలేదు. అతని పన్ను ఒకటి ఊడి పేడలో పడేదాకా చూసింది. సోంబరు కర్ర అడ్డం పెట్టి మధ్యలో నిలబడ్డాక గాని వాళ్ళు తగ్గలేదు.

"ఏటి కావాల నీకు?" అని ముసలాయన కనకను అడిగాడు. "పోలీసులా? పిలుద్దుము. ఈపాలి ఊరు అబద్ధమాడదు."

"కొత్త పెట్టు తాతా," అంది కనక. "ప్రతి పొలం గట్టునుంచీ ఒక దుంప తే. కొయ్యకుండా, నిండుగా నిప్పులో ఎయ్యి. ఆడు ఆ నిప్పు ముందర కూకోవాల. ఫల్గుణ కూకున్న సోటే. ముఖమొంచి ఊదాల. మొదటి దుంప ఆడే కొరకాల. అప్పుడు ఊరు తినాల."

సబ్బుబిళ్ళ మాట ఎవరూ ఎత్తలేదు.

ఇప్పుడు రేగంపుట్టులో మాఘమాసంలో దుంపకొత్త జరుగుతుంది. దానికి ముందు ఏ పిల్లా గట్టున దుంప పీకదు. పులి పడుతుందని వాళ్ళకు వాళ్ళే చెప్పుకుంటారు. బాంబు పెట్టేవాళ్ళు లేరు. పందులకు కొత్తా పాతా లేదు. వచ్చి నేల చీల్చి పోతూనే ఉన్నాయి. కనక పొలంలో కొన్నేళ్ళు సగం పంట వాటికే. భానూ తనూ మంచె మీద నూనెడబ్బా కొడుతూ కూర్చుంటారు. మిగిలిన సగంలోంచి విత్తనం తీసి ఇసుకలో పడుకోబెడతారు.

కొత్త రోజు ఊరంతా దూరంగా నిలబడుతుంది. బూడిదలో నిండు దుంపలు. వాటి ముందు ధర్మ. చెంప మీద తెల్లటి గీత, సగం చెవి, నెరిసిన జుట్టు. తొడ ముడవడానికి ఇప్పటికీ కష్టపడతాడు. నేలకు చేతులు ఆన్చి, ముఖం నిప్పుకు దగ్గరగా పెట్టి ఊదుతాడు. కణికలు ఎర్రబడతాయి. ఎప్పుడో ఒక దుంప తొక్క వేడికి ఠప్పున చిట్లుతుంది. అప్పుడు అతని ఒళ్ళంతా ఒక్కసారి అదురుతుంది, కానీ లేవడు. ఎదురుగా, అతని ముఖం బాగా కనిపించే చోట, కనక గొంతుక్కూర్చుని ఉంటుంది.

"ఊదు బావా," అంటుంది. "ఇంకా ఉడకలేదు."